రావల్కోల్ అండాలమ్మకు నేను పెట్టిన సంతాపసభ

ఉప్పు డబ్బాలో పంచదార పోసినవాళ్ళు మీలో ఉంటారు. ఒకరి పెళ్ళికని వెళ్ళి, పక్క హాల్లో ఇంకొకరి పెళ్ళిలో తృప్తిగా భోంచేసి, బహుమతి కూడా చదివించి వచ్చినవాళ్ళూ ఉంటారు. మా ఆయనైతే ఒకసారి ఎవరిదో స్కూటరు వేసుకుని ఇంటికొచ్చి, రెండ్రోజులు దాన్ని తుడిచాడు కూడా. ఇవన్నీ పొరపాట్లలో పిల్లకాయలు. నాది పెద్ద తలకాయ. నిక్షేపంలాంటి ఒక గాయనిని నేను చంపేశాను. కత్తితో కాదు, విషంతో కాదు. ఒకే ఒక్క క్రియాపదంతో. పైగా ఆ ఘనకార్యాన్ని షామియానా వేయించి, మైకు పెట్టించి, సమోసాలూ టీతో సహా జరిపించాను.

ఎలా జరిగిందో చెబుతాను. మీరు నవ్వుకుంటే నాకేం అభ్యంతరం లేదు. అప్పటి నన్ను తలుచుకుంటే నాకూ నవ్వొస్తుంది, ఆ వెంటనే కాస్త చెమట పడుతుంది.

మాది భీమవరం పక్కన. పెళ్ళయిన కొత్తలో మా ఆయన ప్రసాద్‌కు మేడ్చల్ దగ్గర మందుల కంపెనీలో ఉద్యోగం రావడంతో, శామీర్‌పేట వెళ్ళే దారిలో కొత్తగా లేచిన ఒక కాలనీలో ఇల్లు తీసుకున్నాం. కాలనీలో ముప్పావు వంతు మా వైపు వాళ్ళే. గేటు లోపల ఒక తెలుగు, గేటు దాటితే ఇంకో తెలుగు. నాకు రెండూ వచ్చని నా గట్టి నమ్మకం. ‘ఏంది’, ‘గట్ల’, ‘మస్తు’ అనే మూడు మాటలు పట్టుకుని, మోకాలి లోతు నీళ్ళలో నిలబడి గోదావరి ఈదేశానని చెప్పుకునేవాడిలా తిరిగేదాన్ని.

నన్ను కాలనీకి సాంస్కృతిక కార్యదర్శిని చేశారు. నాలో ఏ సంస్కృతి చూశారని అడగకండి. ఆ మీటింగుకు నేను వెళ్ళలేదు. వెళ్ళనివాళ్ళకే పదవులు వస్తాయని ఆ రోజే తెలిసింది. ఆ ఏడు కాలనీ వార్షికోత్సవానికి సినిమా పాటలు వద్దు, పల్లెపాట పెడదామన్నాను. మా అధ్యక్షుడు వెంకటరత్నం గారు రిటైరైన లెక్చరరు. మైకు కనిపిస్తే నీళ్ళలో వదిలిన చేపలా అయిపోయే మనిషి. “శభాష్ సుధా. మట్టి వాసన రావాలి” అన్నారు. మట్టి వాసన కోసం నేను రావల్కోల్ వెళ్ళాను.

రావల్కోల్ అండాలమ్మ పేరు ఈ చుట్టుపక్కల తెలియనివాళ్ళు లేరు. నల్ల కళ్ళద్దాలు పెట్టుకుని, కొంగు నడుముకు దోపి, ఒక చెయ్యి గాల్లోకి లేపి ఆవిడ పాట ఎత్తుకుంటే, బోనాల్లోనైనా పెళ్ళి ఊరేగింపులోనైనా కూర్చున్నవాళ్ళు కూర్చున్నట్టు ఉండరు. యాభై దాటిన మనిషి. నేను వెళ్ళేసరికి వాకిట్లో పచ్చిమిరపకాయల తొడిమలు తీస్తూ ఉంది. పక్కన ఆవిడ భర్త రాజయ్య గారు డప్పును ఎండలో పెట్టి, దాని మొహంలోకే చూస్తూ కూర్చున్నారు. ఆయన మాట్లాడరు. ఆయన మాట్లాడాల్సినవన్నీ డప్పు మాట్లాడేస్తుందట.

“పాట యాడ నేర్చుకున్నరు అని అడుగుతరు అందరు,” అంది అండాలమ్మ నేను అడగకముందే. “నాట్లేసేకాడ. మా అవ్వ ముందు పాడేది, నేనెనక అందుకునేది. వొంగి నాటేస్తుంటె ఊపిరాడది, గా ఊపిరితోనే పాడాలె. గట్ల పాడినోళ్ళకు మైకు ఒక లెక్కనా.”

“స్టేజీ మీద మొదటిసారి ఎప్పుడు పాడారండీ?”

“నా పెండ్లిల. పాడెటామెకు గొంతు పూడుకపోయింది. అందరు మొకాలు మొకాలు చూసుకుంటున్నరు. నాకు కోపమొచ్చి, నెత్తిమీద జీలకర్రబెల్లం ఉండంగనే నేనే ఎత్తుకున్న. మా అత్త అప్పటిసంది ఏడేండ్లు నన్ను నోరు తెరవనియ్యలే.”

రాజయ్య గారు ఆ మాటకు డప్పును అటు తిప్పిపెట్టారు.

ఆ తర్వాత అత్తగారి కోపం చల్లారిందట. పట్నంలో ఎవరో పిలిచి క్యాసెట్టు పాడించారట. క్యాసెట్టు బాగా అమ్ముడుపోయింది గాని, అట్ట మీద ఎవరో ఎర్రగా బుర్రగా ఉన్న అమ్మాయి ఫోటో వేశారట. అభిమానులు రావల్కోల్ దాకా వెతుక్కుంటూ వచ్చి, గడ్డిమోపు ఎత్తుకుని వెళుతున్న ఈవిడనే ఆపి, “అవ్వా, పాటల అండాలు ఇల్లు యాడ?” అని అడిగారట. ఆ పిల్ల పట్నంలో ఉంటుందని చెప్పి పంపేసిందట. క్యాసెట్ల కాలం అయిపోయాక చాలా ఏళ్ళు ఇటుకల పనికి వెళ్ళింది. చివరికి కోడలు స్వప్న, అత్త బెండకాయలు కోస్తూ పాడుకుంటున్న పాటను ఫోనులో తీసి పెడితే, అది ఊళ్ళు తిరిగి, ఊళ్ళన్నీ ఆవిడ ఇంటికి వచ్చాయి. కంటి ఆపరేషన్‌కు ఇచ్చిన నల్లద్దాలతో మొదటి ప్రోగ్రామ్ పాడితే, అద్దాలు లేకుండా జనం గుర్తుపట్టడం మానేశారట. అప్పట్నుంచి తీయలేదు.

ఇంతటి మనిషి మా కాలనీలో ఆదివారం సాయంత్రం పాడటానికి ఒప్పుకుంది. నేను గాల్లో తేలుతూ వచ్చాను. నల్లద్దాల ఫోటోతో స్వాగతం ఫ్లెక్సీకి కూడా పురమాయించాను.

గురువారం పొద్దున, ఒకసారి గుర్తుచేద్దామని ఆవిడకు ఫోన్ చేశాను. కోడలు స్వప్న ఎత్తింది. ముక్కు ఎగబీలుస్తోంది.

“అండాలమ్మ గారున్నారా అమ్మా?”

“అత్తమ్మ పోయింది మేడం.”

నేను మంచం మీద కూర్చుండిపోయాను. మా భీమవరంలో మనుషులు బజారుకు వెళతారు, గుడికి వెళతారు, సినిమాకు వెళతారు. పోవడం మాత్రం ఒక్క చోటుకే పోతారు.

“పోయారా? ఎప్పుడమ్మా?”

“గిప్పుడే, పొద్దుగాల. చాయ్ తాగింది, గట్లనే పోయింది.”

“ఒంట్లో బాగాలేదా?”

“లేదు, మంచిగనే ఉండె. నిన్నట్నుంచే పోత, పోత అంటనే ఉండె.”

పుణ్యాత్మురాలు, ముందే తెలిసిపోయిందన్నమాట. నాకు కళ్ళలో నీళ్ళు తిరిగాయి. “దగ్గర ఎవరైనా ఉన్నారా?”

“ఎవ్వలు లేరు. ఒక్కతే పోయింది. మా ఆయన ఆపిండు గని, ఆగలే.”

స్వప్న మళ్ళీ ముక్కు చీదింది. ఆ పిల్లకు జలుబు చేసిందని నాకెలా తెలుస్తుంది చెప్పండి. నేనే మళ్ళీ అడిగాను. “మరి కార్యక్రమం ఎప్పుడమ్మా?”

“కార్యక్రమం ఆదివారమే గద మేడం.”

“మేమందరం తప్పకుండా వస్తాం.”

“మీరు రాకుంటె ఎట్ల మేడం? మీదే గద అంత.”

ఇంత దుఃఖంలోనూ ఆ పిల్ల మమ్మల్ని సొంతవాళ్ళుగా చూసి, కార్యక్రమమంతా మా చేతుల్లోనే పెట్టిందని నేను ఇంకాస్త ఏడ్చాను. ఆ ఏడుపుకు ప్రసాద్ గడ్డం గీసుకుంటూ సబ్బు మొహంతో వచ్చాడు. విషయం విని, “సరిగ్గా విన్నావా?” అన్నాడు.

“తెలుగే కదండీ, వినడానికేముంది” అన్నాను. ఈ వాక్యాన్ని పాఠకులు గుర్తుంచుకోకపోయినా పరవాలేదు. మా ఆయన గుర్తుంచుకున్నాడు. ఇప్పటికీ వారానికోసారి అంటాడు.

అయినా నేను గుడ్డిగా నమ్మలేదు. విచారణ చేశాను. మా కాలనీ తోటపని చూసే పోచయ్యది రావల్కోలే. గులాబీ పాదుల దగ్గర పట్టుకున్నాను.

“పోచయ్యా, అండాలమ్మ పోయారట, తెలుసా?”

“ఎర్కే మేడం. మా ఇంటి ముంగటికెల్లే పోయింది. నేను చూసిన.”

“ఎలా ఉంది మొహం?”

“కళకళ ఉండె. కొత్త చీర, నెత్తినిండ పూలు, ఇంత బొట్టు. లచ్చిందేవి లెక్క పోయింది.”

“ముత్తయిదువు చావు” అని నాలో నేను అనుకున్నాను. “ఎంతమంది వచ్చారు వెనకాల?”

పోచయ్య నన్ను వింతగా చూశాడు. “ఎనక ఎవ్వలొస్తరు మేడం? ఒక్కతే పోయింది.”

నా గుండె బద్దలైంది. వేలమందిని ఎగిరించిన గొంతు అది. చివరికి మోయడానికి తప్ప వెనక నడవడానికి ఒక్క మనిషి రాలేదా? అప్పుడే నాలో ఒక మహత్తర సంకల్పం పుట్టింది. నిదానమే ప్రధానం అన్నారు పెద్దలు. నాకు మాత్రం సంతాపమే ప్రధానం అనిపించింది. పరుగున వెళ్ళి వెంకటరత్నం గారికి చెప్పాను.

ఆయన రెండు నిమిషాలు కళ్ళు మూసుకున్నారు. మూసిన కళ్ళ వెనకాల ఉపన్యాసం తయారవుతున్నట్టు పెదాలు కదులుతున్నాయి. “వార్షికోత్సవం రద్దు. అదే రోజు, అదే వేళకు సంతాపసభ,” అన్నారు. “పాపం ఆ ఇంటికి ఎవరూ ఫోన్లు చేసి ఇబ్బంది పెట్టకండి” అని కూడా అన్నారు. ఆ ఒక్క మాట అనకపోతే నేనీ రోజు ఇలా రాయాల్సిన అవసరం ఉండేది కాదు.

ఆలు లేదు చూలు లేదు, కొడుకు పేరు సోమలింగం అంటారు. మాకు శవం లేదు పాడె లేదు, సభకు మాత్రం సమోసాలు చెప్పేశాం. ఫ్లెక్సీ వేసే అబ్బాయికి ఫోన్ చేసి స్వాగతం తీసేసి శ్రద్ధాంజలి పెట్టమన్నాను.

“అక్కా, చుట్టూ బెలూన్లున్నయి. తీయాల్నా?”

“తీసెయ్యి బాబూ.”

“నల్లద్దాలు?”

“అవి ఉంచు. అవి లేకపోతే గుర్తుపట్టరు.”

ఇంతలో వెంకటరత్నం గారు ‘జానపద కోకిల ఇక లేరు’ అని ఒక సందేశం రాసి, ఫోటోకు ఫోనులోనే దండ వేసి, తనకు తెలిసిన గ్రూపులన్నిటికీ పంపారు. ఆయనకు తెలియని గ్రూపు లేదు.

ఆదివారం సాయంత్రం. తెల్ల షామియానా, తెల్ల చీరలు, వేదిక మీద నల్లద్దాల అండాలమ్మ, మెడలో బంతిపూల దండ, ముందు దీపం. వెంకటరత్నం గారు మైకు అందుకుని, “ముందుగా రెండు నిమిషాలు మౌనం పాటిద్దాం” అన్నారు. అందరం లేచి తల వంచాం. నేను చివరి వరుసలో, గేటు వైపు నిలబడ్డాను. కళ్ళు గట్టిగా మూసుకుని ఏడుస్తున్నాను. పక్కన ఎవరో వచ్చి నిలబడిన అలికిడైంది. సన్నగా మల్లెపూల వాసన.

“ఎవలు సచ్చిండ్రు బిడ్డా?” ఎవరో ఆడమనిషి నా చెవిలో గుసగుసగా అడిగింది.

“అండాలమ్మ గారండీ” అన్నాను కళ్ళు తెరవకుండానే.

“ఏ అండాలు?”

“రావల్కోల్ అండాలమ్మ గారు.”

ఆ గొంతు, చాలా ఆలోచించి, అంది. “రావల్కోల్ల ఇంకో అండాలు లేదు గద.”

కళ్ళు తెరిచాను. నల్లద్దాలు. కొంగు నడుముకు దోపి ఉంది. వెనకాల రాజయ్య గారు, మెడలో డప్పు. ఆయన చూపు నా మీద లేదు. వేదిక మీద దండ వేసుకున్న భార్య మీద ఉంది. అటు చూసి, ఇటు పక్కనున్న భార్యను చూసి, మళ్ళీ అటు చూశారు. ఆయన నోటి వెంట నేను విన్న మొట్టమొదటి మాట అదే.

“మరి నాకెందుకు చెప్పలే?”

నా గొంతులోంచి వచ్చిన శబ్దాన్ని అక్షరాల్లో పెట్టలేను. కుక్కర్ మూత తీయకముందే ఎగిరితే వచ్చే చప్పుడు లాంటిది. కాలనీ మొత్తం తల తిప్పి చూసింది. ముందు వరుసలో ఒకావిడ దండం పెట్టింది. ఇంకొకావిడ కూర్చుంది. వెంకటరత్నం గారు మాత్రం చెక్కుచెదరలేదు. ఎన్నో సభలు చూసిన మనిషి. కళ్ళద్దాలు సవరించుకుని మైకులో అన్నారు.

“దివంగత అండాలు గారి సోదరి ఈ దుఃఖసమయంలో మన మధ్యకు విచ్చేశారు. అమ్మా, వారు మీకు ఏమవుతారు?”

“నేనే అయిత” అంది అండాలమ్మ.

“అంటే?”

“అంటే ఏంది సారు. నేనే ఆమె, ఆమే నేను.”

వెంకటరత్నం గారు దీన్ని వేదాంతంగా తీసుకుని తల ఊపారు. నేను అండాలమ్మ చెయ్యి పట్టుకుని చూశాను. వెచ్చగా ఉంది. గాజులు కూడా గలగలమన్నాయి.

“మీరు పోయారని స్వప్న చెప్పింది కదండీ” అన్నాను ఏడుస్తూనే.

“పోయిన.”

“పోయారా?”

“పోయిన. కీసరకు పోయిన. మా చెల్లె మనుమరాలికి చెవులు కుట్టిచ్చిండ్రు. అటుకెల్లి అటే సక్కగ ఈడికొచ్చిన.”

ఎవరో మూలనుంచి సన్నగా నవ్వారు. అది మా ఆయన అని నేను ప్రమాణం చేసి చెప్పగలను.

అండాలమ్మకు విషయం అర్థమవుతోంది. నా మొహం, ఫ్లెక్సీ, దీపం, అన్నీ చూసుకుంటూ వచ్చి అడిగింది. “మీ దిక్కు పోవుడంటె సచ్చుడేనా?”

“అవునండీ.”

“మరి బడికెట్ల పోతరు?”

“వెళతామండీ.”

“గదే మరి. మేం పోతం, మల్లొస్తం. మీరు పోతె మల్ల రారు,” అని తల ఊపి, “అందుకేనా, మా ఊళ్ళె నలుగురైదుగురు మొకాలు ఏలాడేసుకోని ఇంటికొచ్చి, స్వప్న తలకాయకూర వండుడు చూసి మాట్లాడకుండ మల్లిపోయిండ్రంట” అంది.

నేను కాళ్ళు పట్టుకోబోయాను. వెంకటరత్నం గారు ఆరు పేజీల ఉపన్యాసాన్ని మడతపెట్టి జేబులో దాచుకోబోయారు. అప్పుడు అండాలమ్మ, మేమెవరమూ అనుకోని పని చేసింది. ముందు వరుసలోకి వెళ్ళి, ఒక కుర్చీ లాక్కుని, తన ఫోటోకు ఎదురుగా కూర్చుంది.

“సదువుండ్రి సారు.”

“ఎందుకులెండమ్మా, ఇప్పుడు…”

“రాసుకోనొచ్చిండ్రు గద. సదువుండ్రి. నేనేందో నాకు గూడ ఎర్కయితది.”

ఆయన మడత విప్పి మొదలుపెట్టారు. “కటిక దారిద్ర్యంలో పుట్టి, ఆకులు అలములు తిని…”

“ఆకులు తినలే సారు. మాకు రెండు బర్రెలుండె. పెరుగన్నం తిన్న.”

“పెరుగన్నం తిని, గురువు లేకుండానే…”

“మా అవ్వ పేరు రాయుండ్రి. మల్లమ్మ. ఆమె పాట ఆమెతోనే మన్నైంది, నేనందుకున్నది సగమే.”

వెంకటరత్నం గారు నిలబడే పెన్ను తీసి దిద్దుకున్నారు. అత్తగారు పెట్టిన ఏడేళ్ళ మౌనం, అట్ట మీద పరాయి మొహం, ఇటుకల బట్టీ, అన్నీ ఒక్కొక్కటీ వచ్చాయి. తప్పున్న చోట ఆవిడ ఆపింది, ఒప్పున్న చోట ఊ కొట్టింది. చివర్లో ఆయన, “ఆ గొంతు విన్న ప్రతివారూ తమ ఇంటి మనిషిని గుర్తుచేసుకున్నారు” అని చదివితే ఆవిడ అద్దాలు పైకెత్తి కొంగుతో కళ్ళు తుడుచుకుంది. అప్పుడే మొదటిసారి ఆవిడ కళ్ళు చూశాను.

“గీ మాటలు బతికుండంగ ఎవ్వలు చెప్పరు సారు. సచ్చినంక చెప్తె ఇనెటందుకు మనం ఉండం,” అంది. “నాకు రెండూ దొరికినయి.”

ఆ సాయంత్రం పాటలూ జరిగాయి. శ్రద్ధాంజలి ఫ్లెక్సీ కిందే పాడింది. తీసేద్దామంటే “మంచిగున్నది ఉండనీ” అంది. రాజయ్య గారు డప్పు కొడుతూ మధ్యమధ్యలో వెనక్కి తిరిగి ఆ దండ వైపు అనుమానంగా చూస్తూనే ఉన్నారు.

కథ ఇక్కడితో అయిపోతే నేను బతికిపోయేదాన్ని. సోమవారం పొద్దున్నే అండాలమ్మ ఫోన్. ఈసారి గొంతులో నవ్వు లేదు.

“బిడ్డా, శామీర్‌పేటోళ్ళు బోనాలకు ఇంకొకామెను మాట్లాడుకున్నరంట. నేను సచ్చిపోయిన్నని సారు పెట్టిన ముచ్చట ఆడిదాంక పోయింది. ఏండ్లసంది నేనే పాడుతున్న ఆడ. నువ్వొచ్చి చెప్పు.”

కాలనీలో జరిగింది నవ్వులాట. ఇది ఆవిడ బతుకు. ఆవిడను కారులో ఎక్కించుకుని శామీర్‌పేట వెళ్ళాను. బోనాల ఏర్పాట్లు చూసే యాదగిరి గారు కిరాణా దుకాణం ముందు కూర్చుని ఉన్నారు. ఆయన ఫోన్ చూశారు, ఆవిడను చూశారు, మళ్ళీ ఫోన్ చూశారు.

“గీ ఫోన్ల దండేసి ఉంది గద” అన్నారు.

“నేనీడ నిలవడ్డ గద,” అంది అండాలమ్మ.

“అది గూడ నిజమే,” అన్నారాయన చాలా పరేషాన్‌గా. రెండు సాక్ష్యాల్లో ఏది బలమైనదో తేల్చుకోలేకపోతున్నారు. “నాకు ముగ్గురు పంపిండ్రు ఇది. నువ్వు ఒక్కదానివే చెప్తున్నవు.”

నేను చేతులు జోడించాను. “తప్పు నాదేనండీ. నేనే పొరపాటున…”

“అయితె మీరే ఇంకో మెసేజ్ పెట్టుండ్రి మేడం. అందరికి పోవాలె. అప్పుడు నేను కమిటీకి చూపిస్త.”

అక్కడే నిలబడి, ఒకే ఒక్క వాక్యం టైపు చేసి అన్ని గ్రూపులకూ పంపించాను. ‘అండాలమ్మ గారు పోలేదు.’

యాదగిరి గారు చదివారు. నొసలు ముడిపడింది. “పోలేదంటె? యాడికి పోలే?”

“ఎక్కడికీ పోలేదండీ.”

“అంటె ప్రోగ్రాములకు పోతలేదన్నట్టా? బందు పెట్టిందా?”

అంతలోనే అండాలమ్మ ఫోన్ మోగింది. బౌరంపేట్‌లో ఎవరో పెళ్ళివారు. “మీరు యాడికి పోతలేరంట గదమ్మా, మాకు ముందే చెప్పాలె గద” అని అడుగుతున్నారు. నా మొదటి వాక్యం ఆవిడను చంపింది. రెండోది రిటైర్ చేసింది. ‘ఉన్నారు’ అని దిద్దబోతే నా చేతిలోంచి ఫోన్ లాక్కుంది అండాలమ్మ.

“నువ్వు ఇగ రాయకు బిడ్డా. నీకు దండం పెడత. గిగో, వీడియో తీయి,” అని ఫోన్ మళ్ళీ నా చేతిలో పెట్టింది.

దుకాణం ముందే నిలబడి, కొంగు దోపి, చెయ్యి గాల్లోకి లేపి, అప్పటికప్పుడు కట్టి ఎత్తుకుంది.

*పోయిన పోయిన నేనెటు పోయిన*
*చెల్లెలింటికే పోయిన రామా*
*మల్లొచ్చి చూస్తె నా బొమ్మ మెడల*
*బంతిపూల దండ ఏసిండ్రు రామా*
*కాలని మేడం కండ్లల నీళ్ళు*
*తుడిచెటందుకు నేనే వస్తి రామా*

కిరాణా దుకాణంలో కందిపప్పు తూస్తున్న మనిషి తూకం వదిలేశాడు. ఆటోలు ఆగాయి. యాదగిరి గారు మొదట ముసిముసిగా, తర్వాత తొడ కొట్టుకుంటూ నవ్వారు. “సచ్చినోళ్ళెవ్వలు గిట్ల పాడరు,” అని తీర్పు చెప్పారు. ఆ ఏడు శామీర్‌పేట బోనాల్లో ఆవిడే పాడింది. రెండో పాట అదే. ‘కాలని మేడం’ దగ్గరకొచ్చినప్పుడల్లా జనంలో నిలబడ్డ నా వైపు వేలు చూపించింది. జనమంతా ఆ వేలు ఎటు వెళితే అటు తిరిగి చూశారు.

ఆ పాట ఇప్పుడు అండాలమ్మ పాటలన్నిటిలోకీ పెద్దదైంది. బెండకాయల పాట దాని ముందు వెలవెలబోయింది. ఆవిడకు చేతినిండా ప్రోగ్రాములు. ఈసారి పాట వీడియో మీద ఆవిడ మొహమే. మొన్న భీమవరంలో మా పిన్ని కూతురి పెళ్ళి ఊరేగింపులో బ్యాండువాళ్ళు ఏం మొదలుపెట్టారో మీరు ఊహించగలరు. మా మేనమామ పంచె ఎగ్గట్టి నాలుగు చిందులేసి, ఆయాసపడుతూ నా పక్కకొచ్చి అడిగాడు.

“పాట భలేగా ఉందే సుధా. ఇంతకీ బతికున్న మనిషికి దండేసిన ఆ వెర్రిబాగులది ఎవరంటావ్?”

“నాకేం తెలుసు మావయ్యా, ఎవరో తెలంగాణా ఆవిడయి ఉంటుంది” అన్నాను. మా ఆయన పక్కకు తిరిగి దగ్గాడు. నేను కొంగు దోపుకుని గుంపులోకి వెళ్ళి అందరికంటే గట్టిగా ఎగిరాను. నేరస్థులు జనంలో కలిసిపోవాలంటే అదొక్కటే మార్గం.

కాబట్టి సూర్యచంద్రుల సాక్షిగా, వెంకటరత్నం గారి మైకు సాక్షిగా, ఇందుమూలంగా ప్రమాణం చేస్తున్నాను. ఇకమీదట ఎవరు పోయారన్నా సరే, నేను స్వయంగా వాళ్ళింటికి వెళ్ళి, వాళ్ళ ఎదురుగా కూర్చుని, “అమ్మా, తమరు పోయారా? పోతే ఎంతవరకు పోయారు? భోజనం వేళకు వస్తారా?” అని మర్యాదగా అడుగుతాను. “లేదు బిడ్డా, ఈసారి నిజంగనే సచ్చిపోయిన” అని వాళ్ళు తమ నోటితో చెబితే తప్ప, సమోసాలకు పురమాయించను.